ఈల వేసిన మనిషి

ఫిబ్రవరి నెల, శనివారం సాయంత్రం ఏడు గంటలకు, ఇంగ్లండ్‌లోని విట్‌బీ రేవు పక్కనున్న థియేటర్లో తెర వెనక ఎవరో ఈల వేశారు.

వేసింది ఒక పెద్దావిడ. సందులోంచి లోపలికి వచ్చి, దారి తెలియక, మొదటి గది గుమ్మంలో ఆగింది. లోపల మేకప్ వేసుకుంటున్న నటి వెరిటీ హాలమ్‌ను చూడగానే నవ్వి, ఆమె సినిమాలోని పాటను ఈలలో అందుకుంది.

వెరిటీ చేతిలోని పౌడర్ డబ్బా కింద పడింది.

చాలా ఏళ్ల కిందట లండన్‌లో, నిండిన హాలు ముందు, ఆమె మాట మర్చిపోయి నిలబడిపోయింది. ఆ తర్వాత సినిమాల్లోకి వెళ్లింది. అక్కడ మర్చిపోతే మళ్లీ తీస్తారు. ఇప్పుడు సినిమాలు లేవు. ఈ సాయంత్రం కూడా ఆగిపోతే ఇక నాటకాలూ ఉండవు. తెర పక్కన ప్రాంప్టర్ కూర్చుంటుందని, తడబడితే మాట అందిస్తుందని మేనేజర్ క్రాస్‌లీ మాటిచ్చాకే ఒప్పుకుంది. అయినా మధ్యాహ్నం నుంచి అన్నం సయించలేదు.

నాటకంవాళ్లు తెర వెనక ఈల వేయరు. వేస్తే అరిష్టం. వేసినవాళ్లు బయటికెళ్లి, మూడు చుట్లు తిరిగి, తలుపు తట్టాలి. లోపలివాళ్లు పిలిచేదాకా నోరు విప్పకూడదు.

"పడవ మీంచి దిగొచ్చావా అమ్మా, నావికుల్లా ఈల వేస్తున్నావు?" అంది వెరిటీకి దుస్తులు తొడిగే ఎనిడ్.

"కాదండీ, నన్ను క్రాస్‌లీ గారు..."

"మాట్లాడకు. పద."

ఎనిడ్ ఏం చేయాలో చెప్పి, ఆమెను సందులోకి పంపి తలుపు గడియ పెట్టింది. బయట మంచు పడుతోంది.

ఎవరని వెరిటీ అడిగింది.

"నీ సినిమాల పిచ్చిది ఎవరో. నాటకం మనిషైతే ఈల వేస్తుందా తల్లీ?"

తలుపు చప్పుడైంది. పిలవమంటావా అని ఎనిడ్ అడిగింది. వెరిటీ వంగి పౌడర్ డబ్బా తీసుకుంది.

"వద్దు. ఇప్పుడు కొత్త ముఖం చూడలేను."

మళ్లీ చప్పుడైంది. ఎవరూ కదల్లేదు.

క్రాస్‌లీ హాల్లో అతిథులను కూర్చోబెడుతున్నాడు. తెర వేళకే లేచింది.

మొదటి అంకం సగంలో, టీ కెటిల్ పట్టుకుని, వెరిటీ ఆగిపోయింది. తెర పక్కకు చూసింది. అటు నుంచి మాట రాలేదు. హాల్లో దగ్గులు మొదలయ్యాయి.

"పొయ్యవే అమ్మా, టీ చల్లారిపోతోంది," అని పై వరుసలోంచి ఒకడు అన్నాడు. జనం నవ్వారు.

ఆమె మళ్లీ అటే చూసింది. తెర దించేశారు.

క్రాస్‌లీ పరుగెత్తుకొచ్చాడు. ఖాళీ కుర్చీని చూసి, ఎవరూ రాలేదా అని అడిగాడు. ఎనిడ్ వెళ్లి సందు తలుపు గడియ తీసింది.

పెద్దావిడ అక్కడే ఉంది. టోపీ మీద మంచు పేరుకుంది.

"మూడు చుట్లూ తిరిగాను," అంది. "ఇప్పుడు రావచ్చా?"

ఆమె మిస్ టాపింగ్, బాలికల బడి టీచరు. పాత ప్రాంప్టర్‌కు జ్వరం రావడంతో, తెలిస్తే వెరిటీ భయపడుతుందని ఎవరికీ చెప్పకుండా, క్రాస్‌లీ ఆ కుర్చీలో కూర్చోవడానికి పిలిపించిన మనిషి.