ఎక్కిళ్ళకో విశేషణం

"ప్రయాణికులకు వి... హిక్!... జ్ఞప్తి. బయలుదేరుటకు సిద్ధంగా ఉన్న బస్సు పది... హిక్!... హేడో నంబరు ప్లాట్‌ఫారం మీద ఉన్నది."

సగం మంది పదికి పరిగెత్తారు. సగం మంది ఏడుకి పరిగెత్తారు. పదిహేడు మీది బస్సు మాత్రం డ్రైవరునూ కండక్టరునూ ఎక్కించుకుని హాయిగా వెళ్ళిపోయింది.

బస్టాండు మేనేజరు మైకు గదిలోకి దూసుకొచ్చాడు.

"ఏమయ్యా మైకూ! నాలుగు రోజులైంది. జనం బస్సులెక్కడం మానేశారు. నీకు మాత్రం ఎక్కిళ్ళు ఎక్కుతూనే ఉన్నాయి!"

"నీళ్ళు తాగానండీ. ఊపిరి బిగబట్టా... హిక్!... నండీ."

"సాయంత్రం అయిదింటికల్లా డాక్టరు కాయితం పట్రా. కారణమేమిటో అందులో ఉండాలి. లేదా, రేపట్నుంచి కంప్యూటరు గొంతు పెట్టేస్తా. దానికి గొంతుంది గానీ పీక లేదు. ఎక్కిళ్ళు రావు."

ఇరవై రెండేళ్ళుగా ఆ మైకే అతని ఉద్యోగం, అతని హోదా, ఆఖరికి అతని పేరు. చేతికి కాయితం ముక్క తగిలితే చాలు, గొంతెత్తి చదివేస్తాడు. సబ్బు కవరునూ వదలడు, మందు సీసా మీది చీటీనీ వదలడు.

క్లినిక్ గోడ మీద బోర్డుంది: 'ఇక్కడ చుట్టరికాలు చెల్లవు. టోకెన్ తీసుకోండి.' మైకు బుద్ధిగా టోకెన్ తీసుకున్నాడు. పదిహేడే వచ్చింది! గంటంబావు కూర్చున్నాడు.

"ఏమండీ, నోరు తెరవండి," అంది డాక్టరమ్మ.

తెరిచాడు. ఎక్కిలి వెళ్ళి డాక్టరమ్మ కళ్ళజోడు మీద పడింది.

"ఎప్పట్నుంచి?"

"శుక్రవారం నుంచి, డాక్టరుగారూ."

"ఆ రోజు ఏం తిన్నారు?"

"ఏమీ లేదండీ. ఫ్రిజ్‌లో ఏదో కేకు కనిపిస్తే... ఒక చిన్న ముక్క."

"ఎంత చిన్న ముక్క?"

"డబ్బాకి... హిక్!... సరిపడా."

డాక్టరమ్మ పెన్ను ఆగింది. "దాని మీద ఏమీ రాసి లేదా?"

"ఏవో క్రీము అక్షరాలున్నాయండీ. క్రీము కదా, మొదట వాటినే నాకేశాను. చదివే టైమే దొరకలేదు."

డాక్టరమ్మ కాయితాల కట్ట ముందుకు లాక్కుంది. కాయితం మీద ఒకే ఒక్క ఇంగ్లీషు మాట రాసింది. పెన్ను ఎంత గట్టిగా నొక్కిందంటే, ఆ మాట కిందున్న నాలుగు కాయితాల మీదా అచ్చుపడింది. స్టాంపు గుద్దింది. "నెక్స్ట్!"

బస్టాండులో పుస్తకాల షాపాయన ఆ కాయితం అందుకుని కూడబలుక్కున్నాడు.

"ఇడియో... పతి... క్."

"అంటే?"

"ఇడియట్ పతి అని రాసింది బాబాయ్. తెలివితక్కువ మొగుడు!"

"మరి చివర ఆ 'క్' ఏమిటి?"

"అది నీ ఎక్కిలి. పాపం, విన్నది విన్నట్టు రాసుకుంది."

మైకు మొహం బస్సు వెనక లైటులా ఎర్రబడింది. "ఇంట్లో అంటే పడొచ్చు. క్లినిక్‌లో కూర్చుని, సంతకం పెట్టి, స్టాంపు కొట్టి మరీ అంటే ఎలా పడ... హిక్!... తాను?"

షాపాయన నవ్వాపుకుంటూ లావుపాటి డిక్షనరీ తెరిచాడు.

"ఆగు బాబాయ్, వేళాకోళానికన్నా. ఇదిగో, ఇడియోపతిక్. విశేషణం. జబ్బు తనంతట తానే రావడం, కారణం తెలియకపోవడం. జబ్బు పేరుకి ముందు తగిలించాలట. మనుషులకి తగిలించకూడదు."

మైకుకి ప్రాణం లేచొచ్చింది. "ఇడియోపతిక్ ఎక్కిళ్ళు! భలే ఉందే! గొప్పింటి జబ్బులా ఉంది."

"ఎక్కిళ్ళొస్తే ఎవరో తలుచుకుంటున్నారంటారు. నాలుగు రోజులు వదలకుండా తలుచుకుంటున్నారంటే అది ప్రేమైనా అయ్యుండాలి, పగైనా అయ్యుండాలి."

"నన్నెవరు తలుచుకుంటారు? ఇంట్లోనే శుక్రవారం నుంచి నాతో మాటల్లేవు."

"ఎందుకని?"

"కారణం తెలీదు."

"అయితే అదీ ఇడియోపతిక్కే!"

ఇద్దరూ పగలబడి నవ్వారు. కాయితం చూసిన మేనేజరు మాత్రం నవ్వలేదు.

"కారణం తెలీదని రాయడానికి డాక్టరెందుకయ్యా? ఆ మాత్రం నేనూ రాయగలను. అయిదింటికి ఇంకా అరగంటుంది. కారణం రాయించుకొస్తావా, కంప్యూటరుకి కనెక్షన్ ఇవ్వమంటావా?"

మైకు లగెత్తాడు. ఈసారి టోకెన్ లేదు, గీకెన్ లేదు. వరండాలో కూర్చున్న రోగులందరూ "ఏయ్, లైన్! లైన్!" అని అరుస్తుంటే, తలుపు తోసుకుని లోపల పడ్డాడు.

"డాక్టరుగారూ, ఇడియోపతిక్ వద్దు. కారణం కావాలి. లేకపోతే నా మై... హిక్!... కు పోతుంది!"

"కారణం నాకు తెలుసు."

"మరి తెలీదని ఎందుకు రాశారు?"

"తెలిసింది రాస్తే మీ మేనేజరు చదువుతాడు. మీ పరువు పోతుంది. నాదీ పోతుంది."

"పరువు పోతే మళ్ళీ తెచ్చుకుందాం. మైకు పోతే మళ్ళీ రాదు. రాసేయండి!"

డాక్టరమ్మ రాసింది. ఈసారి తెలుగులో రాసింది. స్టాంపు గుద్ది చేతికిచ్చింది.

చేతికి కాయితం వచ్చాక మైకు నోరు ఆగుతుందా? వరండాలో ఉన్న వాళ్ళందరికీ వినిపించేలా, బస్టాండు గొంతుతో, మొదటి అక్షరం నుంచి చివరి అక్షరం దాకా ఒక్క ఎక్కిలి కూడా పడకుండా చదివేశాడు:

"కారణం: శుక్రవారం మా పెళ్ళిరోజని నేను తెచ్చిపెట్టిన కేకుని ఒక్కడే తినేసి, అప్పట్నుంచీ నా మనసులో తిట్లు తింటూ, అది ఏ రోజో ఇప్పటికీ గుర్తురాని నా ఇడియట్ పతి."