ఉమ్మడి ఆగిన రోజు

వడ్రంగి తలుపుకి గడియ చేస్తున్నాడు. ఆ ఊళ్ళో అంతవరకూ ఏ తలుపుకీ గడియ లేదు. అవసరం రాలేదు. ఒకరు మనసులో అనుకున్నది మిగతా అందరికీ వినిపించే ఊరది. దొంగతనం చేద్దామని అనుకున్నవాడు చెప్పులు వేసుకునేలోపే వీధి వీధంతా గుమ్మాల్లోకి వచ్చి నిలబడేది. ఇక గడియలెందుకు?

ఆ వినికిడికి వాళ్ళు పెట్టుకున్న పేరు ఉమ్మడి. తాతల కాలం నుంచీ అది ఒక్క పూట కూడా ఆగింది లేదు. అత్తగారి వంట మీద కోడలి అభిప్రాయం అత్తగారితో సహా ఊరందరికీ తెలుసు. అలవాటైపోయి ఎవరూ పట్టించుకునేవారు కాదు.

అలాంటిది ఇవాళ పొద్దున్న ఆగిపోయింది.

పళ్ళు తోముకుంటున్నవాళ్ళు నోట్లో నురగతోనే వీధిలోకి పరిగెత్తుకొచ్చారు. ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. లోపల ఏముందో తెలియని మొహాలు చూడటం వాళ్ళకి అదే మొదలు. పక్కింటి కుమ్మరి చెవిలో నీళ్ళు పోయినవాడిలా తల వంచి దులుపుకున్నాడు. వడ్రంగి భార్య వచ్చి భర్త చెయ్యి గట్టిగా పట్టుకుంది. కాసేపు అలా నిలబడి, చేసేదేమీ లేక ఎవరి పనుల్లోకి వాళ్ళు పోయారు.

వడ్రంగి కూడా కొట్లో కూర్చుని చెక్కకి చిత్రిక పట్టడం మొదలుపెట్టాడు. చెయ్యి దాని పని అది చేస్తోంది గానీ బుర్ర ఊరుకుంటేనా! ఇన్నేళ్ళూ ఆగనిది ఇవాళే ఎందుకాగింది? ఎవరో ఆపి ఉండాలి. ఎవరైనా ఎందుకు ఆపుతారు? దాచుకోవలసింది ఏదో ఉంటేనే కదా.

ముందు, ఇవాళ ఇంకా కొట్లోకి రాని తమ్ముడు గుర్తొచ్చాడు. తండ్రి పోయాక కొట్టు అన్నదమ్ములిద్దరిదీ. అన్న కోసి, చిత్రికతో నునుపు చేసి బిగిస్తాడు, తమ్ముడు రంగు వేస్తాడు. పెళ్ళి మాట ఎత్తకుండా అన్నగారింట్లోనే వెనక గదిలో ఉంటున్నాడు. ఎందుకు ఎత్తడు? ఇన్నేళ్ళలో ఒక్కసారీ రాని ప్రశ్న ఇప్పుడొచ్చింది. నిన్న వాడేదో అంటే తన భార్య పమిట అడ్డం పెట్టుకుని మరీ నవ్వింది. ఆ నవ్వూ గుర్తొచ్చింది. పెళ్ళయిన దగ్గర్నుంచీ ఆమె మనసు వింటూ నిద్రపోవడం అతనికి అలవాటు. ఇప్పుడు ఆ చోట ఏమీ లేదు.

అంతలో వీధిలో నవ్వులు, కేకలు ఒక్కసారిగా చెలరేగాయి. వెంటనే టక్కున ఆగిపోయాయి. తొంగి చూస్తే అందరూ ఇటే చూస్తున్నారు. చూసి మొహాలు తిప్పుకున్నారు.

తన గురించే నవ్వారని వడ్రంగికి ఒళ్ళు మండింది.

మధ్యాహ్నం భార్య భోజనం తెచ్చింది. రోజూ ఎదురుగా కూర్చుని కబుర్లు చెప్పేది, ఇవాళ గిన్నె గుమ్మంలో పెట్టి వెనక్కి తిరిగింది. కళ్ళు ఎర్రగా ఉన్నాయి. ఏమైందని అడిగితే పొగ అంది. గిన్నె ముట్టుకుంటే చల్లగా ఉంది. పొయ్యి ఆరి చాలాసేపైందన్నమాట. మరి పొగెక్కడిది? అప్పుడే పుట్టింది గడియ ఆలోచన. గిన్నె పక్కకి నెట్టి మంచి గట్టి చెక్క ఏరుకున్నాడు.

గడియ పూర్తయ్యాక కుమ్మరి దగ్గర కూపీ లాగుదామని బయల్దేరాడు. కుమ్మరి అరుగు మీద నలుగురు చేరి ఉన్నారు. ఒక్కరి నోటా మాట లేదు. ఇతను కనపడగానే నలుగురూ ఒకేసారి ఎండ గురించి ఎత్తుకున్నారు. తమ్ముడి సంగతి నెమ్మదిగా కదుపుదామని వడ్రంగి నోరు తెరవబోయాడు.

“నీ తమ్ముడు బంగారం బావా,” అన్నాడు కుమ్మరి.

“వాడి గురించి నేనేమీ అడగలేదే?”

కుమ్మరి అవసరం లేకపోయినా మట్టి పిసకడానికి కూర్చున్నాడు.

ఓహో! అంతా కూడబలుక్కునే ఉన్నారన్నమాట. ఊరందరికీ తెలుసు, తనొక్కడే వెర్రివాడు. వడ్రంగికి కోపమూ ఏడుపూ కలిసే వచ్చాయి. తమ్ముణ్ణి ఇవాళే పంపేయాలి. ఏమనాలో దారి పొడుగునా మాటలు కూర్చుకున్నాడు. నీ పనిముట్లు నువ్వు తీసుకో, పొద్దుగూకేలోపు నా కంటికి కనపడకుండా పో. అంతే. అంతకంటే ఒక్క ముక్క ఎక్కువ అనకూడదు.

ఇంటికొచ్చేసరికి తమ్ముడు గుమ్మంలో నిలబడి ఉన్నాడు. చేతిలో బట్టల మూట, భుజాన పనిముట్ల సంచి.

“వెళ్తున్నా అన్నయ్యా. వదిననేమీ అనకు.”

వడ్రంగి ఇంకా పెదవి కదపనే లేదు. ఏ తప్పూ చేయనివాడు ఎవరూ పొమ్మనకుండానే మూట కట్టుకుంటాడా? మిగిలిన ఆ కాస్త సందేహమూ తీరిపోయింది. వాడు సందు మలుపు తిరిగేదాకా చూసి, గడియ తెచ్చి నాలుగు మేకులతో తలుపుకి బిగించి, లోపల్నుంచి వేసుకున్నాడు. అరుగు మీదున్న భార్య బయటే ఉండిపోయింది.

ఆమె తలుపు కొట్టలేదు. చాలాసేపటికి గొంతు వినిపించింది.

“ఏవండీ, మీకు చెప్పొద్దని అందరినీ నేనే బతిమాలుకున్నాను. సాయంత్రానికి అదే సర్దుకుంటుందనుకున్నా. ఇంక దాచడం నావల్ల కాదు.”

వడ్రంగికి వినాలనీ ఉంది, వినకూడదనీ ఉంది. చివరికి తలుపుకి చెవి ఆనించాడు.

“పొద్దున్న మీరు కొట్లోకి వెళ్ళిన కాసేపటికే ఉమ్మడి అందరికీ తిరిగొచ్చేసిందండీ, మా మనసులు మీకొక్కరికే వినపడటం లేదు గానీ మీ మనసులో మాట అప్పట్నుంచీ ఊరంతటికీ వినపడుతూనే ఉంది.”