మాస్టారి కొత్త బోర్డు

"కదలకండి, కాలరు వెనక కచ్చాకుట్టు దారం వేలాడుతోంది," అంటూ భార్య దాన్ని పళ్లతో పుటుక్కున తెంపింది.

టైలర్ మాస్టారు అద్దంలో చూసుకుని మురిసిపోయారు. ముదురాకుపచ్చ సూటు, రాగిరంగు గుండీలు. ముప్పై ఏళ్లుగా ఊరందరికీ కుట్టిన మనిషికి సొంతానికంటూ ఒక కోటు లేదంటే నమ్మరు గానీ, నిజంగానే లేదు. ఇది కస్టమరుది. తను రాకుండా, కొలతకని అతను మనిషితో పంపిన పాత కోటు చూడగానే మాస్టారికి తెలిసిపోయింది, ఆ ఒళ్లూ తన ఒళ్లూ ఒకటేనని. సూటు నిన్న సాయంత్రమే పూర్తయింది. ఆ సంగతి కస్టమరుకి తప్ప ఇంటిల్లిపాదికీ తెలుసు.

ఇంతలో కొట్టు ఫోన్ మోగింది. భార్య ఎత్తింది.

"అయిపోవచ్చిందండీ. కాజాలొక్కటే మిగిలాయి. మాస్టారు ఆ పనిమీదే ఉన్నారు. రేపు తప్పకుండా అండీ." ఫోన్ పెట్టేసి మొగుడి వంక కొరకొరా చూసింది. "నెలన్నర నుంచీ అవే కాజాలు చెబుతున్నాను. చెప్పడానికి నాకే సిగ్గేస్తోంది."

"రెండు గంటల పనే. వచ్చి ఇస్త్రీ చేసి పంపించేస్తాగా. బోర్డులు గీసే డిజైన్ స్టూడియో అంటే మాటలనుకున్నావా? నా చొక్కా చూస్తే గుమ్మంలోంచే సాగనంపుతారు."

మాస్టారి తాపత్రయంలో అర్థం లేకపోలేదు. ఎదుటి వరసలో రెడీమేడ్ కొట్టు వచ్చి ఆరునెలలైంది. దాని బోర్డు పగలు కూడా వెలుగుతుంది. మాస్టారి బోర్డు మీద అక్షరాలు సగం ఎండకి పోయాయి, మిగతా సగం వానకి పోయాయి. బళ్లు తెరిచేలోగా, అంటే యూనిఫారాల గిరాకీ మొదలయ్యేలోగా, నలుగురి కళ్లూ పడే బోర్డు పెట్టకపోతే ఇక మిషన్లు అమ్ముకోవలసిందే.

అలాగని స్టూడియోవాళ్లు ఊరికే దొరికారా? పదిసార్లు ఫోన్ చేస్తే ఒక్కసారీ ఎత్తలేదు. చివరికి కూతురు వాళ్ల వెబ్‌సైటులో ఏదో ఫారం ఉందని తీసి, కొట్టు పేరూ వీధీ రాసి పంపింది. అరగంట తిరక్కుండా జవాబు. రేపే రండి, పదకొండుకి ఎదురుచూస్తుంటాం అని.

"చూశావా, మన కొట్టు పేరు వినగానే ఎలా దిగొచ్చారో," అన్నారు మాస్టారు.

స్టూడియో గాజు తలుపుకి పిడి లేదు. తొయ్యాలో లాగాలో తెలియక మాస్టారు రెండూ చేసి చూసి, చివరికి అది పక్కకి జరిగేసరికి దాదాపు లోపలికి పడ్డారు. యజమాని స్వయంగా ఎదురొచ్చాడు. మాస్టారిని తల నుంచి కాళ్లదాకా తీరిగ్గా చూశాడు. రంగుల మధ్య బతికే మనిషి, మంచి గుడ్డ కనబడితే చూడకుండా ఉంటాడా? మాస్టారి ఛాతీ మరో అంగుళం పొంగింది.

"సూటు బ్రహ్మాండంగా ఉంది మాస్టారూ. ఒకసారి వెనక్కి తిరుగుతారా?"

మాస్టారు బట్టలకొట్టు అద్దాల వెనక బొమ్మలా గిర్రున తిరిగారు. "మన చేతి కుట్టే సార్."

"భుజాలు భలే కుదిరాయి. ఇలాంటిది కుట్టడానికి ఎన్నాళ్లు పడుతుందేమిటి?"

"పది రోజులండీ."

"పదా?"

"మహా అయితే పదకొండు."

యజమాని కాగితం తీసి రాసుకున్నాడు. ఇంత శ్రద్ధగా తన మాట రాసుకున్నవాణ్ణి మాస్టారు జీవితంలో చూడలేదు. ఇంట్లో అయితే ఆయన మాట విననే వినరు.

గోడ మీద ఒక ఫొటో ఉంది. కిందటి నెల ఏదో బహుమతి ఇచ్చినప్పటిది. వేదిక మీద పదిమంది కోట్లలో మెరిసిపోతుంటే, నడుమ ఈ యజమాని ఒక్కడే ఉత్త చొక్కాతో, బహుమతి పట్టుకుని ఇబ్బందిగా నవ్వుతున్నాడు. మాస్టారికి లోపల చివుక్కుమంది.

"ఏంటి సార్, అంత పెద్ద సభకి ఇలా వెళ్లారు?"

"అలా అయిపోయింది మాస్టారూ."

"నాకు ఒక్క మాట చెబితే కుట్టి పంపేవాణ్ణి కదా."

యజమానికి ఎందుకో పొలమారింది. నీళ్లు తాగి కుర్చీ ముందుకి జరుపుకున్నాడు. "సరే, మీ బోర్డు సంగతి చూద్దాం. జనం మిగతా కొట్లు వదిలి మీ దగ్గరికే ఎందుకు రావాలి?"

మాస్టారికి ఎక్కడలేని ధైర్యం వచ్చేసింది. ఒంటిమీది సూటు మహిమ కావచ్చు. "మాట మీద నిలబడతామండీ. చెప్పిన రోజుకే ఇస్తాం. అదే మా పేరు."

"చెప్పిన రోజుకే," అని యజమాని నెమ్మదిగా పలికి, పెన్సిలు తీసుకుని గీయడం మొదలుపెట్టాడు. పావుగంటలో కాగితం మీద ఒక సూది, సూదిలోంచి జారిన దారం, ఆ దారమే మెలికలు తిరిగి కొట్టు పేరైంది. దానికింద చిన్నగా 'చెప్పిన రోజుకే'.

ముప్పై ఏళ్ల కష్టానికి అంత అందమైన రూపం ఉంటుందని మాస్టారు ఎన్నడూ అనుకోలేదు. ఈ బోర్డు లేస్తే కొట్టు నిలబడుతుంది, అనుమానమే లేదు.

"సార్, దాచడం దేనికి, మా బతుకంతా దీనిమీదే ఉంది. బళ్లు తెరవడానికి ఇంకా మూడు వారాలే. బోర్డు ఎప్పటికిస్తారు?"

యజమాని కాగితాన్ని జాగ్రత్తగా మడిచి తన సొరుగులో పెట్టుకున్నాడు.

"నా సూటు అందిన మర్నాడే."