రాలేడు

టీవీలో సీరియల్ అయిపోయి పేర్లు పడుతున్నాయి.

"వొచ్చిందేట్రా?" మంచం మీంచి అడిగింది దాలమ్మ.

"వొచ్చింది. గురునాథ్ అని ఏసినాడు," విసుగ్గా చెప్పాడు పెద్ద కొడుకు సూరిబాబు.

దాలమ్మకు చూపు పోయి చాలా కాలమైంది. రాయపూర్ రైల్వే కాలనీలోని ఆ క్వార్టర్లో, ఆమెకు టీవీ అంటే చిన్న కొడుకు పేరు. అంతే.

గురునాథం నటుడవుతానని బొంబాయి వెళ్ళాడు. హీరో ఏమీ కాలేదు. గడ్డం, తలపాగా తగిలించుకుని గుంపులో నిలబడే సిపాయి అయ్యాడు. ఆ గడ్డాల్లో తమ్ముడి గడ్డం ఏదో సొంత అన్నే పోల్చుకోలేడు. పేరు మాత్రం ఆదివారం ఆదివారం పడుతుంది, కళ్ళు మూసి తెరిచేలోగా పోతుంది.

మూడేళ్ళుగా ఉత్తరం ముక్క లేదు.

"టీవీలో ఏసాలెయ్యడానికి టైముంటాది. అమ్మకి రెండు ముక్కలు రాయడానికుండదు," అని సూరిబాబు పళ్ళు నూరేవాడు.

ఎనభై తొమ్మిది చలికాలంలో దాలమ్మ మంచం దిగలేదు. డాక్టరు పెదవి విరిచాడు.

"ఒక్కసారి గురునాథాన్ని రప్పించరా. ఆడి సెయ్యట్టుకుని పోతాను."

ఆమె అడిగింది అదొక్కటే. సూరిబాబు సీరియల్ తీసే కంపెనీకి తమ్ముడి పేరున టెలిగ్రాం కొట్టాడు.

ఆ వారంలోనే ఓ మధ్యాహ్నం గుమ్మంలో ఒక మనిషి నిలబడ్డాడు. బక్కగా, మాసిన చొక్కాతో ఉన్నాడు. గురునాథం కాదు.

"నేను గురునాథ్ దోస్త్‌ని భయ్యా. బంబయి నుంచి." వచ్చీరాని తెలుగు.

"ఆడేడి?"

అతను తల దించుకున్నాడు.

"రాలేడు."

"రాలేడా? రాడా? సరిగ్గా సెప్పు!"

"రాలేడు భయ్యా."

"అంత పెద్దోడైపోనాడేటి? తల్లి సచ్చిపోతంటే షూటింగా?"

లోపల్నుంచి దాలమ్మ గొంతు వినిపించింది. "ఎవుల్రా? గురునాథమేనా?"

సూరిబాబు నోరు తెరిచేలోగా అతను లోపలికి వెళ్ళి, మంచం పక్కన నేల మీద కూర్చుని, ఆమె చెయ్యి పట్టుకున్నాడు.

"నేనేనమ్మా."

దాలమ్మ అతని మొహమంతా తడిమింది.

"ఎంత సిక్కిపోనావురా నాయనా! తిండి తింటన్నావా నేదా?"

"తింటున్నానమ్మా."

సూరిబాబుకి ఒళ్ళు మండిపోయింది. కాలరు పట్టుకుని వాకిట్లోకి ఈడ్చాడు.

"కళ్ళు కనపడని ముసిల్దాన్ని మోసం సేస్తావా? ఈ ఏక్టింగు సెయ్యమని ఆడే పంపించాడా?"

"ఒక్క పూట ఉండనివ్వండి భయ్యా. అమ్మ నిద్రపోయేదాకా."

"నడు!"

సూరిబాబు భార్య పైడమ్మ అడ్డం వచ్చింది.

"పోనీ ఉండనియ్యయ్యా. అత్త మొకం సూడు, ఎంత కళొచ్చిందో."

"అబద్ధం సెప్పి సాగనంపమంటావేటే అమ్మని?"

సూరిబాబు నిజాయితీపరుడు. అదే కొంప ముంచింది. అతన్ని గెంటేసి, లోపలికి వచ్చి, "ఆడు గురునాథం కాదమ్మా. ఎవుడో పక్కా దొంగ," అని చెప్పేశాడు.

దాలమ్మ వదిలిపోయిన చెయ్యి కోసం దుప్పటి మీద తడుముకుంటూనే ఉంది. తెల్లారేసరికి ప్రాణం పోయింది. కొడుకు రాలేదనే బెంగతోనే పోయింది.

నెల మాసికం పెట్టిన తర్వాత ఓ ఆదివారం, పక్క క్వార్టర్లో ఉండే రైలు గార్డు బంగారయ్య వచ్చి టీవీ ముందు కూర్చున్నాడు.

తెర మీద యుద్ధం నడుస్తోంది. ఓ సిపాయి దెబ్బ తిని పడ్డాడు. తలపాగా ఊడిపోయింది. మొహం నిండుగా కనిపించింది.

"ఈడే! ఆ దినం వొచ్చిన దొంగ!" సూరిబాబు లేచి నిలబడ్డాడు.

చివర పేర్లు పడ్డాయి. సిపాయి – గురునాథ్.

"సూసావా బాబాయ్! మా తమ్ముడి పేరు కూడా కొట్టేసినాడు. ఈడి మీద కేసెడతాను."

బంగారయ్య లేచి టీవీ కట్టేశాడు.

"ఆ దినం ఆ కుర్రోడు నా బండే ఎక్కినాడ్రా. ప్లాట్‌ఫారం మీద ఏడుస్తా కూకుంటే అడిగాను. నీ తమ్ముడు పోయి మూడేళ్ళయిపోనాదంట. కామెర్లు. ఈడి ఒళ్ళోనే పోనాడంట."

సూరిబాబు బంగారయ్య భుజం పట్టుకున్నాడు.

"మరి నాకెందుకు సెప్పనేదు?"

"వదిన పోయిన ఇంట్లో ఇంకో సావు కబురెలా సెప్పన్రా?"

"మరి టీవీలో ఆ పేరు..."

"మీ అమ్మ ఇనాలనిరా. పోయే ముందు గురునాథం అదొక్కటే అడిగాడంట. అప్పట్నించి ఈడు ఏ ఏసం కట్టినా ఆ పేరే ఎయ్యమంటన్నాడు. సొంత పేరు ఒక్కనాడూ పడనియ్యలేదు."

తమ్ముణ్ణి మూడేళ్ళు బతికించినవాణ్ణే గుమ్మంలోంచి గెంటానని సూరిబాబుకి అప్పుడు తెలిసింది. ఏడుపు ఆగలేదు.

"ఆడి అసలు పేరేటి బాబాయ్?"

"అడిగాన్రా. గురునాథమనే సెప్పాడు."