ఐదు మడతల వెలుగు

కోడలికి లోకంలో అన్నిటికంటే పెద్ద భయం ఒక్కటే. పాపకు ఏడాది నిండి, నడుముకు కట్టిన తోలుసంచి విప్పే రోజున, లోపలి రాయిలో వెలుగు తక్కువగా ఉండటం. ఆ రోజు ఇంకా రెండు రోజులుందనగా, మధ్యాహ్నం పూట, ఆ సంచి విప్పేసి ఉండగా చూసింది. విప్పింది అత్త.

పనిచోట మిషన్ మీద కుడుతుంటే సూది విరిగింది. ఇంట్లో ఉన్న కొత్తది తీసుకుపోదామని కోడలు వేళకాని వేళ వచ్చింది. వెనకగది కిటికీకి దుప్పటి వేలాడేసి ఉంది. పాప నేలమీద కూర్చుని చెంచాతో గిన్నెను బాదుతోంది. అత్త మంచం మీద కూర్చుని, రెండు చేతుల్లో రెండు పొద్దురాళ్లు పట్టుకుని ఒకదానికేసి ఒకటి రుద్దుతోంది. ఒకటి పాపది. రెండోది తనది.

పుట్టిన ప్రతివాళ్లకీ ఒక పొద్దురాయి ఉంటుంది. అందులో వెలుగు ఉన్నన్నాళ్లే మనిషికి పొద్దు. రెండు రాళ్లు రుద్దితే వెలుగు ఒకదాన్నుంచి ఇంకోదానికి పాకుతుందని ఆ ఊళ్లో పసిపిల్లలకీ తెలుసు. చాటుగా రుద్దేవాళ్లని ఏమంటారో కూడా తెలుసు.

"ఏం చేస్తున్నారత్తయ్యా?"

అత్త ఉలిక్కిపడలేదు. "ఇంకొక్క పూట ఆగి వచ్చుంటే పనైపోయేది కదే," అంది, పొయ్యి మీద గిన్నె సంగతేదో చెబుతున్నట్టు.

కోడలికి ఒళ్లు మండిపోయింది. పాప రాయి లాక్కుని, భుజం మీది తువ్వాలులో చుట్టి మడత మీద మడత వేసి చూసింది. వెలుగు ఎన్ని మడతల్లోంచి కనబడితే అంత ఆయుష్షు. పసిబిడ్డ రాయి ఏడు మడతలు దాటాలి. ఇది ఐదు దాటింది. ఆరో మడత వెయ్యగానే తువ్వాలు నల్లబడింది.

ఇక ఆమె నోటికి అడ్డూ ఆపూ లేకపోయింది. పాలు తాగే పిల్ల ఆయుష్షు తాగడానికి నోరెలా వచ్చిందంది. ఏడాదిగా ఈ చేతుల్లో బిడ్డను పెట్టి పనికి పోయినందుకు తన చెప్పుతో తనే కొట్టుకోవాలంది. పక్కవాటా ఆవిడ గుమ్మంలోకి వచ్చి నిలబడి, తనకెప్పట్నుంచో అనుమానమేనంది. పోయినేడు పరీక్షలో ఈ ముసలావిడ రాయి ఐదు మడతలు దాటిందట, ఆ వయసులో అంత వెలుగు ఎక్కడైనా ఉంటుందా అంది. ఈమధ్య ఎడమకాలు ఈడుస్తూ, రెండు మెట్లెక్కి ఆయాసపడటం అంతా నటనేనని కూడా తేల్చేసింది.

కబురు విని చెక్కపని వదిలేసి కొడుకు పరిగెత్తుకొచ్చాడు. జుట్టు నిండా రంపపు పొట్టు. తల్లికీ పెళ్లానికీ మధ్య నిలబడి, "అమ్మా, నీ రాయి ఒక్కసారి చూపించు. గొడవ తీరిపోతుంది," అన్నాడు.

అత్త పిడికిలి విప్పలేదు.

"చూపిస్తే దొరికిపోరూ," అంది పక్కవాటా ఆవిడ.

అత్త ఆవిడ వైపు కూడా చూడలేదు. కోడల్నే అడిగింది. "ఎన్ని మడతలు దాటిందే?"

"ఐదు. మిగతా రెండూ మీరే మింగారుగా."

"ఐదా. చాల్లే," అంది అత్త.

లేచి నీలం శాలువా కప్పుకుంది. మంచం కిందకి కాలు పోనిచ్చి చెప్పులు వెతుక్కుంది. పోతూ పోతూ పాప బుగ్గ నిమరబోతే, కోడలు పాపను అటు తిప్పేసుకుంది. ఎక్కడికని కొడుకు కూడా అడగలేదు.

మర్నాడు పొద్దున్నే కోడలు పాపను చంకనేసుకుని రాళ్లు పరీక్షించే ఆఫీసుకు పోయింది. పోయిన రెండు మడతలూ తిరిగి ఇప్పించాలనీ, ఆ మనిషిని ఎక్కడున్నా పట్టి తెప్పించాలనీ బల్ల గుద్ది అడిగింది. రాళ్లాయన నిదానంగా రాయిని చీకటిపెట్టెలో పెట్టి, గుడ్డ మడతలు వేసి చూశాడు. ఐదే. ఎంత పోయిందో తేలాలంటే పుట్టినప్పుడు ఎంతుందో చూడాలన్నాడు.

అది తల్లికి చెప్పరు. బాలింత బెంగపెట్టుకుంటే పాలు ఇంకిపోతాయని, ఇంట్లో పెద్దావిడకి మాత్రం చెప్పి, ఏడాది నిండేదాకా నోరు విప్పనని ఒట్టు వేయించుకుని, రాయిని సంచిలో కుట్టి చేతిలో పెడతారు. ఎప్పట్నుంచో ఉన్న పద్ధతి.

రాళ్లాయన పుస్తకం తెరిచాడు. కళ్లద్దాలు తీసి తుడుచుకుని మళ్లీ చూశాడు. ఆ తర్వాత పుస్తకాన్ని ఆమె వైపు తిప్పాడు.

"నువ్వే చదువుకో తల్లీ."

ఆమె నాలుగో తరగతిలో బడి మానేసిన మనిషి. వేలు పెట్టి ఒక్కొక్క అక్షరమే కూడబలుక్కుంది. పాప పుట్టిన రోజు. కింద అత్త వేలిముద్ర. దాని పక్కన రెండే మాటలు. సగం మడత.

"తప్పు రాశారు," అంది.

"నా చేత్తోనే రాశాను. ఏడాది తిరక్కుండా ఆరిపోవాల్సిన వెలుగది. రాయిలో వెలుగు దానంతటది పెరగదు తల్లీ."

పాప చంకలోంచి వంగి, బల్ల మీద మెరుస్తున్న రాయిని అందుకుని నోట్లో పెట్టుకోబోయింది. తల్లి ఆపలేదు. ఆమె చెయ్యి అక్షరాల మీదే ఉండిపోయింది.

బాలింతకు చెప్పకూడదని ఆ పద్ధతి పెట్టినవాళ్లెవరో, వాళ్ల నోరు పడిపోను. ఆ పుస్తకం చూసిన దగ్గర్నుంచీ కొడుకూ కోడలూ వీధివీధీ తిరుగుతున్నారు. నీలం శాలువా కప్పుకుని, ఎడమకాలు ఈడుస్తూ నడిచే ముసలావిడ మీ వీధిలో ఏ మెట్ల మీదైనా కూర్చుని కనబడితే దాటిపోకండి. దగ్గరికెళ్లి పిలవండి. పలక్కపోతే పిడికిలి విప్పి చూడండి, ఆ రాయిలో ఇంకొక్క పూటకైనా వెలుగు మిగిలిందేమో.