గడప దాటని సూట్‌కేసు

“ఆ కిటికీ ముయ్యరా, గాలి తగిలి మెడ పట్టేస్తుంది!” అంది దేశాంక.

కొడుకు రాదోయె వెళ్లి రెండో కిటికీ కూడా బార్లా తెరిచాడు. ముప్ఫై ఎనిమిదేళ్లొచ్చాయి, ఇంకా ఈ గాలి గోలేమిటని వాడి మంట. సూట్‌కేసులో నాలుగు చొక్కాలు పెట్టాడు. దేశాంక రెండు తీసేసింది. వాడు ఇంకో అయిదు కుక్కాడు.

పోయిన ఏడాదీ ఇలాగే సర్దాడు, అంతకుముందు ఏడాదీ సర్దాడు. రెండుసార్లూ అన్నీ తీసి మళ్లీ బీరువాలోనే పెట్టుకున్నాడు. ఇవాళైనా ఆ సూట్‌కేసు గడప దాటుతుందా లేదా అని దేశాంక ప్రాణం కొట్టుకుంటోంది.

“ఆ నోవీసాద్ పట్నంలో ఏముందిరా? ఆ యాగొదకు సర్మా పొట్లాలు చుట్టడం కూడా రాదు. క్యాబేజీ ఆకు ఒక దేశం, లోపలి మాంసం ఒక దేశం!”

“నేను చేసుకునేది యాగొదని. క్యాబేజీని కాదు.”

“నీ భుజం దాకా కూడా రాదు కదరా.”

“వంగుతాను.”

“నీ బనియన్లు ఎవరు ఇస్త్రీ చేస్తారు?”

“ముడతలతోనే తొడుక్కుంటా!”

“అయితే పో. నీ వెనక చుక్క నీళ్లు కూడా పొయ్యను.”

వాడి చెయ్యి ఆగిపోయింది. ఇల్లు విడిచేవాడి వెనక నీళ్లు ఒలికిస్తేనే దారి నీళ్లలా సాఫీగా సాగేది. అక్క పెళ్లై వెళ్లినప్పుడు ఈ అమ్మే జగ్గుతో పోసింది. రాదోయె మంచం మీద కూలబడ్డాడు.

“అమ్మా... పోనీ, ఉండిపోనా?”

దేశాంక ముఖం పాలిపోయింది. మంచం కింద నుంచి వాడి ఇంటి చెప్పులు లాగి కాళ్ల ముందు పెట్టింది.

“ఉండు నాయనా. ఉండి తీరాలి. ఇవి తొడుక్కో. మెడకు ఉన్నిగుడ్డ చుట్టుకో. ఏడింటికల్లా పడుకో.”

“తీరాలా?” రాదోయె ఒక్క ఉదుటున లేచాడు. “నేనేమన్నా చంటిపిల్లాడినా?”

సూట్‌కేసు మూసి, తలుపు దభాలున వేసి, బస్సు స్టాండు దారి పట్టాడు.

వాడు వీధి మలుపు తిరిగేదాకా ఆగి, దేశాంక గుమ్మంలో బకెట్టెడు నీళ్లు గుమ్మరించింది. తడి చేతులు ఏప్రనుకు తుడుచుకుని యాగొదకు ఫోన్ చేసింది.

“బయల్దేరాడమ్మా కోడలా! వాడితో ఏ పని చేయించుకోవాలన్నా, వద్దని చెప్పు.”