గేటు మీద నురగ

“ఏవయ్యా! అక్కడే ఆగు! గేటు ముట్టుకోకు!”

మీనాకుమారి అరిచిన అరుపుకి ఆ మనిషి చెయ్యి గాల్లోనే ఆగిపోయింది.

నలభైకి అటూ ఇటూ ఉంటాడు. లుంగీ మీద, చొక్కా మీద, ఆఖరికి కనుబొమల మీద కూడా కొబ్బరిపొట్టు, ఆకుల ఎరువు. కడియంలో మొక్కల నర్సరీ పనికి పోయేవాళ్లందరూ సాయంత్రానికి అలాగే తయారవుతారు.

“ఎవరు కావాలి?”

“నా పేరు ఎజ్రా అండి. పాపగారిని ఒక్కసారి చూసి పోదామనండి.”

“మా పాపనా? ఎందుకు?”

“ఊరికేనండి.”

మీనాకుమారికి ఒళ్లు మండిపోయింది.

“ఊరికే చూడ్డానికి ఇదేమన్నా తిరణాలా? ఆ దుమ్ముతో ఇంకొక్క అడుగు వేశావంటే ఊరుకోను. పో!”

“ఆయ్. కడుక్కుని వస్తానండి,” అని వెళ్లిపోయాడు.

ఆమె చేతిలో స్ప్రే సీసా ఉంది. అందులో ఉన్నది హైడ్రోజన్ పెరాక్సైడ్.

వానలు మొదలైన దగ్గర్నుంచీ ఆమెకి అదే పని. గోడ మీద ఎక్కడ నల్లచుక్క కనిపిస్తే అక్కడ కొట్టడం, బుసబుసా నురగ పొంగితే గుడ్డతో తుడవడం. తెల్లారేసరికి ఇంకో గోడకి బూజు. గోదావరి గాలికి, జూలై నెలలో, గోడలకి బూజు పట్టకుండా ఆపడం ఎవరి తరం? అయినా ఆమె ఆపాలి. ఆపలేకపోతే కూతురు దక్కదు.

ఆరేళ్ల ఇంద్రజకి పుట్టుకతోనే ఒక లోపం ఉంది. డాక్టరు కాగితం మీద బొమ్మ గీసి మరీ చెప్పాడు.

“బూజు గాల్లో తేలుతూ అందరి ఊపిరితిత్తుల్లోకీ పోతూనే ఉంటుందమ్మా. మన తెల్లరక్తకణాలు దాన్ని పట్టుకుని, హైడ్రోజన్ పెరాక్సైడ్‌ని తమంతట తామే రవ్వంత తయారుచేసుకుని చంపేస్తాయి. మీ పాప కణాలు బూజుని పట్టుకుంటాయి గానీ, ఆ మందు తయారుచెయ్యలేవు.”

“బయట దొరుకుతుంది కదండీ, ఎక్కించలేరా?”

“సీసాలోది రక్తంలోకి ఎక్కిస్తే ప్రాణమే పోతుంది. సరిపోయినవాళ్లెవరైనా ఎముకమజ్జ ఇస్తే, అందులోంచి పుట్టిన కొత్త కణాలు ఆ పని చేస్తాయి. అంతవరకూ తడి, దుమ్ము, ముఖ్యంగా కుళ్లిన ఆకుల ఎరువు పాప దరిదాపులకి రాకూడదు.”

ఊరంతా ఎరువే అయిన కడియంలో!

తల్లిదీ తండ్రిదీ సరిపోలేదు. తండ్రి మల్లేశ్వరరావు కిరాణా కొట్టు మూసేసి రాజమండ్రిలో పొడిగా ఉండే ఇల్లు వెతుకుతున్నాడు. తల్లి మాత్రం లోపల తయారుకాని మందుని బయట గోడలకి కొట్టుకుంటూ, దాత దొరికారని ఆస్పత్రి నుంచి వచ్చే ఫోన్ కోసం కళ్లల్లో వత్తులేసుకుని చూస్తోంది.

మర్నాడు పొద్దున్నే ఎజ్రా మళ్లీ వచ్చాడు.

తలంటుకుని, నూనె రాసి దువ్వుకున్నాడు. ఇస్త్రీ చేసిన తెల్లచొక్కా, పెళ్లికి వెళ్లేవాడిలా. గేటు మీద చెయ్యి వేసి నిలబడ్డాడు.

“అంతా ఉతికినవేనండి. లోపలికి రానండి. కిటికీలోంచి చూసి పోతానండి.”

“ముందు ఆ చెయ్యి తియ్యి! నీ గోళ్లు చూసుకున్నావా?”

చూసుకున్నాడు. ఇరవై ఏళ్లుగా మట్టి పిసికిన గోళ్లు. ఒక్క స్నానానికి తెల్లబడతాయా?

అతను చెయ్యి తీసిన చోట ఆమె సీసాతో గట్టిగా కొట్టింది. బుసబుసా నురగ పొంగింది. గేటుకి పట్టిన తుప్పు తగిలినా ఆ మందు అలాగే పొంగుతుందని ఆమెకి తెలీదు.

“చూశావా? నువ్వు ముట్టుకున్న చోట ఎలా పొంగుతోందో! నీ ఒంటిమీద ఉన్నది నా పిల్లకి విషమయ్యా!”

ఎజ్రా ఆ నురగకేసి చాలాసేపు చూశాడు.

“నిజంగానే అంటారా అండీ?”

“నిజమే! నీకు దణ్ణం పెడతాను, ఇంకెప్పుడూ ఈ ఛాయలకి రాకు.”

అప్పుడే కిటికీలోంచి ఇంద్రజ చెయ్యి ఊపింది. అతను కూడా ఊపబోయాడు. అంతలోనే ఆ చేతిని వెనక్కి దాచేసుకున్నాడు.

“రానండి,” అన్నాడు.

తల్లి మనసు కదా, ఆమెని తప్పుపట్టలేం. ఆ రోజంతా ఆమె గేటు తోముతూనే ఉంది.

మూడోనాడు ఇంద్రజకి జ్వరం వచ్చింది. ఊపిరితిత్తిలో మచ్చ ఉందన్నారు. పాపని ఆస్పత్రిలో చేర్పించి, వరండాలో కూలబడి ఉన్న మీనాకుమారి దగ్గరికి మజ్జ దాతల సంగతి చూసే కౌముది వచ్చింది.

“మీకొక విషయం చెప్పాలండి. పాపకి పూర్తిగా సరిపోయినాయన ఒకరు దొరికారు.”

మీనాకుమారి రెండు చేతులూ జోడించింది.

“ఎప్పుడు చేస్తారండీ? ఇవాళేనా?”

“ఆయన నిన్న ఇవ్వనని చెప్పేశారండి.”

“భయపడ్డారా? ఎవరో చెప్పండి, వెళ్లి కాళ్లు పట్టుకుంటాను!”

“పేరు చెప్పకూడదండి. తనెవరో మీకు చెప్పొద్దని ఆయనకీ చెప్పాం. మీ ఊళ్లో పాప ఫొటోతో ఫ్లెక్సీ కట్టి క్యాంపు పెట్టారు కదా, అందులో శాంపిల్ ఇచ్చినాయనే. ఎవరికోసమో తనే ఊహించుకున్నట్టున్నారు. భయమేం లేదు, పాపని ఒక్కసారి కళ్లారా చూసుకుని వస్తానన్నారు. తర్వాత ఎంత నచ్చజెప్పినా వినకుండా, మొక్కల లోడుతో లారీ ఎక్కేశారు. ఫోన్ కూడా కలవడం లేదు.”

మీనాకుమారి జోడించిన చేతులు దించేసింది.

“ఏమన్నా... అన్నారా?”

“ఏడ్చారండి. ‘నా ఒంటిమీద దుమ్మే ఆ పాపకి విషమంటండి, మరి నా ఎముకల్లోది ఎక్కిస్తే బతుకుద్దా?’ అన్నారు.”